బడికి నోచుకోని బాలతార

సినిమాలో చిన్నపిల్ల కనిపిస్తే మనకెంత ముచ్చటో! ముద్దుముద్దుగా నాలుగు మాటలు చెబితే నవ్వుతాం. ఆ పిల్ల ఏడిస్తే మనమూ కొంగుతో కళ్ళు ఒత్తుకుంటాం. "ఎవరి పిల్లో గాని, ఎంత బాగా చేసిందమ్మా" అని ఇంటికొచ్చాక కూడా చెప్పుకుంటాం. కానీ ఆ పిల్ల ఏ తరగతి చదువుతోంది, అది సంపాదించిన డబ్బు ఎవరి చేతికి వెళుతోంది అని అడిగేవాళ్ళు తక్కువ. ఈ రెండు ప్రశ్నలూ మనసులో పెట్టుకుని ఈ కథ వినండి. కథ అన్నానే గాని, అంతా జరిగినదే. జపాను దేశంలో ఐదో ఏట ముఖానికి రంగు వేసుకుని, యాభై ఏళ్ళపాటు నటించిన హిదేకో తకమినే అనే ఆవిడ జీవితం.

హిదేకో 1924 మార్చి 27న జపాను ఉత్తరాన హొక్కయిదో దీవిలోని హకోదాతే అనే రేవు పట్నంలో పుట్టింది. నాలుగేళ్ళు నిండాయో లేదో, తల్లి క్షయతో పోయింది. పిల్లలు లేని మేనత్త ఆమెను పెంచుకుంటానని తీసుకుని టోక్యో చేరింది. ఈ మేనత్త కూడా సామాన్యురాలు కాదు. ఆ రోజుల్లో సినిమాలకు మాటలు లేవు. తెర పక్కన ఒకరు నిలబడి, కథంతా గొంతు మార్చి మార్చి చెప్పేవారు. వాళ్ళను జపానువాళ్ళు బెన్షి అంటారు. మేనత్త కొంతకాలం ఆ పని చేసింది. అప్పుడు ఆమె పెట్టుకున్న పేరు హిదేకో తకమినే. పిల్ల అసలు పేరు హిదేకో హిరాయామా. సినిమాలకు వచ్చాక మేనత్త పాత పేరే పిల్లకు దక్కింది. చూశారా, పేరు దగ్గరనుంచీ ఇంకొకరి ఆశను మోస్తూనే ఆ పిల్ల బయలుదేరింది!

1929లో ఒకరోజు మేనత్త భర్త ఈ పిల్లను టోక్యోలోని షోచికు వారి కమతా స్టూడియో చూపించడానికి తీసుకువెళ్ళాడు. అక్కడ 'తల్లి' అనే సినిమాకు ఒక చిన్నపిల్ల కోసం వెతుకుతున్నారు. వేషం కోసం ముస్తాబై వచ్చిన పిల్లలు బారులు తీరి వున్నారు. ఆ వరస చివర ఈయన తన పిల్లనూ నిలబెట్టాడు. దర్శకుడు హొతేయి నొమురా ఆ పిల్లనే ఎంచుకున్నాడు. సినిమా బ్రహ్మాండంగా ఆడింది. ఆ రోజుతో హిదేకో చిన్నతనం అయిపోయిందనే చెప్పాలి. తర్వాత ఆమెను జపాను షర్లీ టెంపుల్ అన్నవాళ్ళు వున్నారు. నిజానికి హిదేకో మొదటి వేషం వేసేనాటికి షర్లీ టెంపుల్ ఇంకా ఏడాది పిల్ల!

అక్కడినుంచి ఒక సినిమా తర్వాత ఒక సినిమా. ఆడపిల్ల వేషమే కాదు, జుట్టు కత్తిరించి మగపిల్లవాడి వేషాలు కూడా వేయించారు. 1931లో యసుజిరో ఓజు తీసిన 'టోక్యో కోరస్' అనే మూగ సినిమాలో, ఉద్యోగం పోయిన గుమాస్తా కూతురుగా ఆమె కనిపిస్తుంది. బడిలో పేరైతే వేశారు గాని, వెళ్ళే తీరిక ఏదీ? తెల్లారితే స్టూడియో, లేకపోతే పై ఊళ్ళలో షూటింగు. ఆమె పరిస్థితి చూసి జాలిపడ్డ ఒక ఉపాధ్యాయుడు, పిల్ల ఊరికి వెళుతున్నప్పుడల్లా రైలు స్టేషనుకు వచ్చి బొమ్మల పత్రికలు చేతిలో పెట్టేవాడట. రైల్లో ఆ బొమ్మలూ అక్షరాలూ కూడబలుక్కుని చదువుకోవడమే ఆమెకు దొరికిన బడి.

ఇంతలో ఇంటి బరువు పెరిగింది. 1934 మార్చిలో హకోదాతే పట్నం పెద్ద అగ్నిప్రమాదంలో తగలబడిపోయింది. అక్కడి బంధువులు సర్వం పోగొట్టుకుని టోక్యో వచ్చారు. వచ్చినవాళ్ళు ఎవరిమీద ఆధారపడ్డారనుకుంటున్నారు? పదేళ్ళ పిల్లమీద! పెద్దవాళ్ళు తిని కూర్చుంటే, పిల్ల సంపాదించుకొచ్చింది. మేనత్త చెడ్డ మనిషి అని నేననను. ఆ పిల్లను ఆమె ప్రాణంలా చూసుకుంది, వెంటవుండి స్టూడియోలన్నీ తిరిగింది. అయితే ప్రేమా, సంపాదనా ఒకే ముడిలో పడ్డాక, ఎక్కడ ఏది ఆగిందో చెప్పడం కష్టం. పెద్దయ్యాక తల్లీ కూతుళ్ళ మధ్య పెరిగిన దూరాన్ని గురించి హిదేకో దాపరికం లేకుండా రాసింది. అసలు నటన తనకు ఇష్టమై చేసిన పని కాదని కూడా రాసింది.

1937లో ఆమె తర్వాత తోహో అయిన కంపెనీకి మారింది. జీతంతో పాటు, చదువుకోనిస్తామన్న మాట కూడా ఆమెను అటు లాగింది. పదమూడేళ్ళ పిల్ల ఆశగా బడిలో చేరింది. కానీ నెలలో ఎన్నో రోజులు హాజరు కాలేకపోయేది. చివరికి బడివాళ్ళు బడో, సినిమానో తేల్చుకోమన్నారు. ఇంటినిండా మనుషుల్ని పోషించే పిల్ల ఏం తేల్చుకుంటుంది? బడి మానేసింది.

విచిత్రం ఏమిటంటే, ఆ కాలంలోనే 1938లో కాజిరో యమామోతో దర్శకత్వంలో ఆమె నటించిన సినిమా పేరు 'వ్యాసాల తరగతి'. టోక్యోలో ఒక పేద కార్మికుడి కూతురు బడిలో రాసిన వ్యాసాలు పుస్తకంగా వచ్చి దేశమంతా పేరు తెచ్చుకున్నాయి. ఆ పిల్ల వేషం మన హిదేకోది. తెరమీద బడిపిల్ల, తెర వెనక బడి లేని పిల్ల. 1941లో వచ్చిన 'గుర్రం'లో ఒక గుర్రంపిల్లను సాకే పల్లెటూరి అమ్మాయిగా వేసింది. ఆ సినిమాకు సహాయ దర్శకుడు అకిరా కురొసావా. ఆ ఇద్దరి మధ్యా మొలిచిన ఇష్టాన్ని మేనత్త సాగనివ్వలేదు.

బాలతారలు చాలామంది పెద్దయ్యేసరికి కనుమరుగైపోతారు. హిదేకో అలా కాలేదు. యుద్ధం ముగిశాక, 1950లో, ఏ కంపెనీకీ కట్టుబడకుండా తన వేషాలు తానే ఎంచుకోవడం మొదలుపెట్టింది. నటీనటులందరూ ఏదో ఒక కంపెనీ గొడుగు కింద బతికే ఆ రోజుల్లో అది చాలా సాహసం. 1951లో జపాను మొదటి రంగుల సినిమా 'కార్మెన్ ఇంటికొచ్చింది'లో నాయిక ఆమే. ఆ ఏడే ఒంటరిగా పారిస్ వెళ్ళి ఆరు నెలలకు పైగా వుంది. ఐదో ఏటినుంచీ ఎవరో ఒకరు వెంట లేకుండా అడుగు పెట్టని మనిషికి ఆ ఆరు నెలలూ ఎంత ఊపిరినిచ్చి వుంటాయో ఆలోచించండి.

1954లో కైసుకే కినోషితా తీసిన 'ఇరవై నాలుగు కళ్ళు' వచ్చింది. సకాయే త్సుబోయి అనే రచయిత్రి నవల అది. షోదోషిమా దీవిలో ఒక చిన్న బడికి 1928లో కొత్త పంతులమ్మ సైకిలెక్కి వస్తుంది. ఒకటో తరగతి పిల్లలు పన్నెండుమంది, ఇరవై నాలుగు కళ్ళు. ఆ పంతులమ్మ హిదేకో. పిల్లలు పెద్దవడం చూపించడానికి దర్శకుడు ఒక ఉపాయం చేశాడు. ముఖకవళికలు కలిసే అన్నదమ్ముల్నీ అక్కచెల్లెళ్ళనూ జతలు జతలుగా ఎంచి, చిన్నవాళ్ళ చేత చిన్ననాటి వేషం, పెద్దవాళ్ళ చేత పెద్దయ్యాక వేషం వేయించాడు. ఆ పన్నెండుమందిలో మత్సుయే అనే పిల్ల వుంది. తల్లి పోతుంది, చదువు మాన్పించి పట్నంలో పూటకూళ్ళ ఇంట పనికి పెడతారు. బడి పిల్లలతో విహారయాత్రకు వెళ్ళిన పంతులమ్మ అనుకోకుండా ఆ పిల్లను అక్కడ చూస్తుంది. తల్లి పోయి, బడి పోయి, పనిలో పడ్డ పిల్లను చూసి కళ్ళనీళ్ళు పెట్టుకునే ఆ పంతులమ్మ వేషం హిదేకోకు ఎవరూ నేర్పనక్కరలేదు కదా!

ఆ సినిమాకు సహాయ దర్శకుడుగా పనిచేసిన జెన్జో మత్సుయామాను 1955లో ఆమె పెళ్ళి చేసుకుంది. ఆమె దేశంలో పెద్ద తార, అతను చాలీచాలని జీతగాడు. లోకం ఏమన్నా ఆమె లెక్కచెయ్యలేదు. పెళ్ళయ్యాక భర్త దగ్గర ఆమె నేర్చుకున్న విద్య ఏమిటో తెలుసా? నిఘంటువులో మాట వెతకడం! ముప్ఫై దాటిన మహానటికి అంతవరకూ అది నేర్పినవారు లేరు. తర్వాత అతనికి ఆరోగ్యం బాగోక రాయలేకపోతే, అతను చెబుతుంటే సినిమా రచనలు తన చేత్తో రాసిపెట్టింది.

ఆ చేతికి రాత అబ్బింది. 1975లో ఒక వారపత్రికలో తన జీవితకథ రాయడం మొదలుపెట్టింది. 'నా బతుకుతెరువు దినచర్య' అనే అర్థం వచ్చే పేరు పెట్టుకుంది. 1976లో పుస్తకంగా వచ్చి, జపాను వ్యాసకర్తల సంఘం బహుమతి అందుకుంది. వేరొకరి చేత రాయించి వుంటుందని గుసగుసలాడినవాళ్ళూ లేకపోలేదు. బడికి వెళ్ళని ఆడది అంత బాగా రాస్తే లోకానికి నమ్మబుద్ధి కాదు మరి! 1979లో కినోషితా సినిమాతోనే నటనకు స్వస్తి చెప్పింది. ఆ తర్వాత ముప్ఫై ఏళ్ళు పుస్తకాలు రాసుకుంటూ, భర్తతో ప్రశాంతంగా గడిపి, 2010 డిసెంబరు 28న, 86వ ఏట కన్నుమూసింది.

మరి మన రెండు ప్రశ్నల మాటేమిటి? యుద్ధం తర్వాత 1947లో జపాను కొత్త కార్మిక చట్టం చేసింది. అందులో, పన్నెండేళ్ళలోపు పిల్లలు సినిమాల్లో, నాటకాల్లో చెయ్యాలంటే ప్రభుత్వ కార్యాలయం అనుమతి వుండాలన్నారు. బడివేళలు తప్పించి పని పెట్టాలన్నారు. చదువుకు అడ్డం లేదని బడి ప్రధానోపాధ్యాయుడు రాసివ్వాలన్నారు. ఇంకొక మంచి మాట కూడా చేర్చారు: పిల్లల జీతం వాళ్ళ తరఫున తల్లిదండ్రులు పుచ్చుకోకూడదు.

ఈ మార్పు టెలివిజన్ రోజుల్లో కనబడుతుంది. 1983లో ఎన్.హెచ్.కె. వారు 'ఓషిన్' అనే ధారావాహిక ప్రసారం చేశారు. ఒక మూట బియ్యానికి పనికి కుదిరి, చంటిపిల్లను వీపున కట్టుకుని బడి బయట నిలబడి పాఠం వినే ఏడేళ్ళ పిల్ల కథ అది. సగటున నూటికి 52 ఇళ్ళకు పైగా చూశారు. చిన్న ఓషిన్‌గా మంచులో నడిచి లోకాన్ని ఏడిపించిన అయాకో కోబయాషి, తర్వాత విశ్వవిద్యాలయం దాకా చదువుకుని, నటన కూడా సాగించింది. 2010లో ఐదారేళ్ళప్పుడే టెలివిజన్‌లో పేరు తెచ్చుకున్న మనా అషిదా, 2023లో కేయియో విశ్వవిద్యాలయంలో చేరింది. వీళ్ళు తెరమీద బడిలేని పిల్లలై, ఇంటికొచ్చి పుస్తకం తీశారు.

హిదేకోకు ఆ అదృష్టం లేదు. తన చదువు తానే, ముప్ఫై ఏళ్ళ తర్వాత, అక్షరం అక్షరం సంపాదించుకుంది. అందరికీ ఆమెంత గుండెధైర్యం వుంటుందా? వుండాలని పసిపిల్లలను మనం ఎందుకు అడగాలి? ఈసారి తెరమీద ఓ పిల్ల మిమ్మల్ని నవ్విస్తే, హాయిగా నవ్వండి. నవ్వాక ఒక్క మాట మాత్రం అడగండి: అమ్మాయ్, నువ్వు ఏ తరగతి చదువుతున్నావు?