కింద తగలని కారు

సెకండ్ హ్యాండ్ కారు బేరానికి వచ్చిన కుటుంబం మైలేజీ ఎంత, ఎన్ని కిలోమీటర్లు తిరిగింది, ఎందరి చేతులు మారింది అన్నవి తేల్చుకున్నాక తప్పకుండా అడిగే ప్రశ్న ఒకటుంది: ‘కింద తగలదు కదా?’ చక్రాలను మినహాయిస్తే కారులో అన్నిటికన్నా కిందికి ఉండే భాగానికీ నేలకూ మధ్య ఎంత ఖాళీ ఉందో చెప్పేది గ్రౌండ్ క్లియరెన్స్. ఇంజనీర్ల డ్రాయింగుల్లో ఉండిపోవాల్సిన ఈ అంకె మన దేశంలో అమ్మకాల ప్రకటనల్లోకి ఎక్కింది, పన్నుల నోటిఫికేషన్లలోకీ ఎక్కింది. ఎత్తు కారంటే మనవాళ్లకు మోజని, నలుగురిలో దర్జా కోసం కొంటారని చాలామంది తేల్చేస్తారు. డెబ్బై ఏళ్ల చరిత్రను వరసగా చూస్తే ఆ తీర్పు నిలవదు. సరిగ్గా వేయని రోడ్డు ఖర్చును కొంచెం కొంచెంగా కారు మీదికి, కారు నుంచి కొనేవాడి జేబు మీదికి నెట్టుకుంటూ వచ్చిన కథ ఇది. అలా నెట్టిన ఎత్తునే చివరికి విలాసంగా లెక్కగట్టి ప్రభుత్వం పన్ను వేసింది.

మొదట్లో ఈ ప్రశ్నే లేదు. 1953 టారిఫ్ కమిషన్ నివేదిక తర్వాత, విడిభాగాలు తెచ్చి బిగించడమే తప్ప ఇక్కడ పూర్తిగా తయారుచేసే ఉద్దేశం లేని కంపెనీలకు చోటు లేకుండా పోయింది. ఫోర్డ్, జనరల్ మోటార్స్ సర్దుకుని వెళ్లిపోయాయి. మిగిలిన హిందుస్థాన్ మోటార్స్ బ్రిటన్ వారి మోరిస్ ఆక్స్‌ఫర్డ్ మూడో సిరీస్‌ను కలకత్తా దగ్గరి ఉత్తరపాడాలో అంబాసిడర్ పేరుతో 1950ల చివర తయారు చేయడం మొదలుపెట్టింది. బొంబాయిలో ప్రీమియర్ కంపెనీ ఫియట్ 1100ను, మద్రాసులో స్టాండర్డ్ కంపెనీ 1961 నుంచి హెరాల్డ్‌ను చేశాయి. వీటిలో ఏదీ మన బాటల కోసం పుట్టింది కాదు. అయితే ఆ రోజుల్లో ఏ దేశపు కారైనా కొంత ఎత్తుగానే ఉండేది. అంబాసిడర్‌కు పదిహేను అంగుళాల చక్రాలు, ముందు టార్షన్ బార్లు, వెనుక కమాన్ కట్టలు. కమాన్ కుంగితే విప్పి, పట్టీలకు మళ్లీ వంపు తెప్పించి, అవసరమైతే ఒక పట్టీ అదనంగా వేసి బిగించే పనివాళ్లు లారీలు ఆగే ప్రతి ఊళ్లోనూ ఉండేవారు. 1960ల తర్వాత మిగతా ప్రపంచంలో నున్నటి హైవేలు, పెరిగిన వేగాలు, గాలిని చీల్చుకుపోయే ఆకారాలు కార్లను నేలకు దించుతూ వచ్చాయి. లైసెన్సుల రాజ్యంలో మన దగ్గర మాత్రం మోడలే మారలేదు కాబట్టి ఎత్తూ మారలేదు. అంబాసిడర్ 2014 దాకా తయారవుతూనే ఉంది. ఆ బండి మన రోడ్లకు సరిపోయిందంటే, కాలం ఇక్కడ ఆగిపోవడమే అసలు కారణం.

తేడా మొదటిసారి బయటపడింది 1985లో. స్టాండర్డ్ కంపెనీ బ్రిటన్‌లో పేరు మోసిన రోవర్ ఎస్‌డీ1 శరీరాన్ని తెచ్చి స్టాండర్డ్ 2000గా విడుదల చేసింది. మన రోడ్ల కోసం దాని సస్పెన్షన్‌ను పైకి లేపాల్సి వచ్చింది. లోపల పెట్టింది మాత్రం పాతకాలపు రెండు లీటర్ల ఇంజను. ఖరీదు ఎక్కువ, పరుగు తక్కువ కావడంతో కొన్నేళ్లకే ఆ కారు కనుమరుగైంది. దాని ఓటమికి ఎత్తు కారణం కాదు గానీ, విదేశీ నమూనాను ఇక్కడ దించాలంటే ముందు దాన్ని లేపాలన్న పాఠం మాత్రం మిగిలింది. 1983 చివర వచ్చిన మారుతి 800కు ఈ బాధ పెద్దగా తగలలేదు. చక్రాలు పన్నెండు అంగుళాలవే అయినా ముందు చక్రానికీ వెనుక చక్రానికీ మధ్య దూరం 2.2 మీటర్ల లోపే. ఆ దూరం తక్కువైతే గట్టు మీదుగా దాటేటప్పుడు నడుము భాగం కిందికి వేలాడదు. 1993లో కార్ల తయారీకి లైసెన్సు అక్కర్లేదని ప్రభుత్వం ప్రకటించాక సియెలో, హోండా సిటీ లాంటి పొడుగాటి సెడాన్లు వరసగా దిగాయి. నేలబారుగా, వేగంగా పోవడానికి వేరేచోట గీసిన కార్లు అవి. ‘కింద తగులుతుంది’ అన్న ఫిర్యాదు మధ్యతరగతి మాటల్లోకి వచ్చింది ఆ దశాబ్దంలోనే. పదేళ్ల తర్వాత వచ్చిన హోండా సివిక్‌కు కూడా మిగతా ఎన్ని గుణాలున్నా ఆ చెడ్డపేరు తప్పలేదు.

తగిలిందెక్కడ అని అడిగితే గుంతల కన్నా ముందు స్పీడ్ బ్రేకర్ పేరు చెబుతారు. ఇక్కడ సాక్ష్యం చాలా స్పష్టంగా ఉంది. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ 1988లోనే స్పీడ్ బ్రేకర్ ఎలా ఉండాలో కొలతలతో రాసిపెట్టింది: 3.7 మీటర్ల వెడల్పు, మధ్యలో 10 సెంటీమీటర్ల ఎత్తు, 17 మీటర్ల వ్యాసార్ధంతో గీసిన చాపంలా మెల్లగా లేచి దిగే వంపు, గంటకు 25 కిలోమీటర్ల వేగంతో సుఖంగా దాటగలగాలి. చక్రాల మధ్య 2.7 మీటర్ల దూరమున్న పొడుగు సెడాన్ దీన్ని దాటేటప్పుడు ముందు చక్రాలూ వెనుక చక్రాలూ కలిసి ఆ వంపు మీదే ఉంటాయి. లెక్క వేస్తే కారు కడుపు కిందికి పొడుచుకొచ్చే భాగం ఐదున్నర సెంటీమీటర్లు దాటదు. అంటే నేలకు 15 సెంటీమీటర్ల ఎత్తున్న కారు మనుషులతో, సామానుతో కొంత కుంగినా నిశ్చింతగా దాటిపోతుంది. ఇప్పుడు ఊళ్లో రెండు తట్టల కంకర, ఒక డబ్బా తారుతో రాత్రికి రాత్రి లేచే గట్టును తీసుకోండి. వెడల్పు రెండడుగులు, ఎత్తు అరడుగు అనుకుందాం. ముందు చక్రాలు దిగిపోయి వెనుక చక్రాలు ఇంకా రాకముందే అరడుగు గట్టు మొత్తం కారు కిందికి చేరుతుంది. 17 సెంటీమీటర్ల కారు నలుగురైదుగురు ఎక్కి మూడు సెంటీమీటర్లు కుంగితే చాలు, సైలెన్సర్ గొట్టమో ఇంజను కింది ఆయిల్ సంపో రాసుకోక తప్పదు. ప్రమాణం ప్రకారం కట్టిన గట్టుకు పాత సెడానే సరిపోతుంది. ప్రమాణం లేని గట్టుకు ఎత్తు కారు కావాలి. ఈ రెంటికీ మధ్య ఉన్న తేడానే కొనుగోలుదారు లక్షల్లో చెల్లిస్తున్నాడు.

మార్కెట్ ఈ సంగతిని తొందరగానే పసిగట్టింది. 1994లో వచ్చిన టాటా సుమో, 2000లో వచ్చిన టయోటా క్వాలిస్ లారీ తరహా ఛాసిస్ మీద కూర్చున్న బండ్లు. పెద్ద కుటుంబం, పెళ్లి ప్రయాణం, మట్టి రోడ్డు మూడింటికీ పనికొచ్చాయి. రాయలసీమ ఫ్యాక్షన్ సినిమాల్లో సుమోకు దక్కిన స్థానం అందరికీ తెలిసిందే. హైదరాబాద్‌లో ఐటీ ఉద్యోగులను రాత్రింబవళ్లు మోసింది క్వాలిస్. ఆ తర్వాత అసలు మలుపు పన్నుల వల్ల వచ్చింది. 2006 బడ్జెట్ నాలుగు మీటర్ల లోపు పొడవు, పెట్రోలైతే 1,200 సీసీ, డీజిలైతే 1,500 సీసీ లోపు ఇంజను ఉన్న కార్లకు సుంకం తగ్గించింది. పొడవు కుదించాలి, ఎత్తు పెంచాలి: ఈ రెండు ఒత్తిళ్ల మధ్య నలిగి తయారైనదే ఇవాళ వీధివీధినా కనిపించే పొట్టి ఎస్‌యూవీ. 2012లో రెనో డస్టర్ 205 మి.మీ. క్లియరెన్స్‌తో వచ్చి దారి చూపింది. 2013లో ఎకోస్పోర్ట్, 2016లో బ్రెజా, 2017లో నెక్సాన్ అదే ఎత్తును నాలుగు మీటర్లలో ఇమిడ్చాయి. 2015 నాటి చిన్నకారు క్విడ్ కూడా 180 మి.మీ. ఎత్తునే ముందుపెట్టి అమ్ముకుంది. 2024లో దేశంలో అన్నిటికన్నా ఎక్కువగా అమ్ముడైన కారు 187 మి.మీ. ఎత్తున్న టాటా పంచ్. దశాబ్దాలుగా మారుతి కార్లకే దక్కుతున్న స్థానమది.

ప్రభుత్వం ఈ ఎత్తును ఎలా చూసిందో 2013లో తెలిసింది. అప్పటి ఆర్థిక మంత్రి చిదంబరం ఎస్‌యూవీల మీద ఎక్సైజ్ సుంకాన్ని 27 శాతం నుంచి 30 శాతానికి పెంచారు. అవి రోడ్డు మీదా పార్కింగ్‌లోనూ ఎక్కువ చోటు ఆక్రమిస్తాయన్నది చెప్పిన కారణం. కానీ ఎస్‌యూవీని గుర్తుపట్టడానికి పెట్టుకున్న మూడు కొలతల్లో పొడవు, ఇంజనుతో పాటు మూడోది 170 మి.మీ., ఆపైన గ్రౌండ్ క్లియరెన్స్. నేలకూ కారు అడుగుకూ మధ్య ఉన్న ఖాళీ పార్కింగ్‌లో అంగుళం చోటు కూడా తీసుకోదు. మహీంద్రా తన ఎక్స్‌యూవీ 500 ఎత్తును 200 నుంచి 160 మి.మీ.కు దించి ఆ సుంకాన్ని తప్పించుకోవడంతో ఈ గీత ఎంత కృత్రిమమో తేలిపోయింది. అయినా గీత చెరగలేదు. 2017లో జీఎస్టీ వచ్చాక పరిహార సెస్సులోకి అదే 170 చేరింది. 2023 జూలైలో జీఎస్టీ కౌన్సిల్ ఖాళీ బండిగా ఉన్నప్పటి ఎత్తునే లెక్కలోకి తీసుకోవాలని తేల్చింది. గట్టు తగిలేది నిండు బండికి, పన్ను పడేది ఖాళీ బండి కొలతకు. అదే సమయంలో విద్యుత్ కారు ఎంత ఎత్తున్నా జీఎస్టీ ఐదు శాతమే. ఎత్తు నిజంగా విలాసమైతే బ్యాటరీ పెట్టగానే అది ఎలా మాయమవుతుందో ఈ నిబంధనలు చెప్పవు.

ఈ వాదనకు మొదటి అభ్యంతరం దర్జా గురించి. ఎత్తు కార్లు కొనేవాళ్లలో చాలామంది నగరం దాటరు, అమ్ముడయ్యే పొట్టి ఎస్‌యూవీల్లో అత్యధిక భాగం ముందు చక్రాలతోనే నడుస్తాయి, కొండలెక్కే పని వాటికి లేదు, కాబట్టి ఇది హోదా కొనుగోలేనంటారు. హోదా లేదని వాదించనక్కర్లేదు. ఎత్తున కూర్చుని ముందున్న ట్రాఫిక్‌ను చూడటంలో ఒక ధీమా ఉంది, దానికి విలువ కట్టేవాళ్లున్నారు. అయితే హోదా ఒక్కటే కారణమైతే ఎత్తు పెద్ద కార్లకే పరిమితం కావాలి. లక్ష రూపాయల కారుగా పేరుపడి 2009లో వచ్చిన నానోకు 180 మి.మీ. క్లియరెన్స్ ఎందుకు ఇచ్చినట్టు? దాన్ని కొనేవాడు హోదా కోసం కొనడని కంపెనీకి తెలుసు, వాడు తిరిగే రోడ్డు ఎలాంటిదో కూడా తెలుసు. ఇక నగరం దాటని కారుకు ఎత్తెందుకన్న ప్రశ్నకు అపార్ట్‌మెంట్ సెల్లార్లలోకి నిటారుగా దిగే ర్యాంపులు, పాత రోడ్డును తవ్వకుండా పొర మీద పొర వేయడంతో అంచుల్లో ఏర్పడే మెట్లు, రోడ్డు కన్నా పైకి లేచిన మ్యాన్‌హోల్ మూతలే జవాబు.

రెండో అభ్యంతరం ఇంకా గట్టిది. స్వర్ణ చతుర్భుజి రహదారి వచ్చింది, 2000 డిసెంబరులో మొదలైన ప్రధానమంత్రి గ్రామసడక్ యోజన పల్లెలకు తారు రోడ్లు వేసింది, రోడ్లు ఇంతగా బాగుపడ్డ కాలంలోనే కార్ల ఎత్తు పెరిగిందంటే రోడ్డును నిందించడం ఎలా కుదురుతుందని అడుగుతారు. ఇక్కడ రోడ్డు నునుపును, రోడ్డు నిర్వహణను విడదీసి చూడాలి. రోడ్డు నున్నబడగానే వాహనాల వేగం పెరిగింది. బడి పక్కన, గుడి ముందు ప్రమాదాలు జరిగాయి. కాలిబాట, జీబ్రా గీతలు, వేగ నిఘా ఏవీ లేనిచోట ఊరివాళ్ల చేతిలో మిగిలిన ఒకే ఆయుధం గట్టు. వాళ్లను తప్పుపట్టలేం, పిల్లలను కాపాడుకోవడానికి వేసుకున్నారు. ఆ గట్టును కొలిచి, సరిచేసి, ముందే హెచ్చరిక బోర్డు పెట్టాల్సిన యంత్రాంగం పక్కకు తప్పుకుంది. జాతీయ రహదారుల మీద స్పీడ్ బ్రేకర్లు తీసేయాలని కేంద్ర రవాణా శాఖే 2016లో ఆదేశించాల్సి వచ్చింది. కాబట్టి రోడ్లు బాగుపడటానికీ ఎత్తు అవసరం పెరగడానికీ వైరుధ్యం లేదు. మొదటిది సగంలో ఆగిపోవడం వల్లనే రెండోది వచ్చింది.

ఎత్తు ప్రమాదకరమని, దాన్ని సమర్థించకూడదని మరికొందరంటారు. నిజమే. కారు బోల్తా పడే స్వభావాన్ని అంచనా వేయడానికి చక్రాల మధ్య అడ్డ దూరాన్ని గరిమనాభి ఎత్తుకు రెట్టింపుతో భాగిస్తారు. అడ్డ దూరం ఒకటిన్నర మీటర్లు, గరిమనాభి 55 సెంటీమీటర్లు ఉంటే 1.36 వస్తుంది. అదే కారును నాలుగు సెంటీమీటర్లు లేపితే 1.27కు పడిపోతుంది. పైగా ముందు భాగం ఎత్తైనకొద్దీ ఢీకొన్నప్పుడు పాదచారికి దెబ్బ పెద్దది. గాలికి అడ్డం పెరిగి ఇంధనమూ ఎక్కువ తాగుతుంది. ఈ నష్టాలన్నీ ఒప్పుకుంటే రోడ్డు బాకీ ఇంకా పెద్దదవుతుంది. కొనుగోలుదారు ధరతోనే కాదు, భద్రతతోనూ ఆ గట్టుకు మూల్యం కడుతున్నాడని తేలుతుంది.

ఆ బాకీ అందరికన్నా ఎక్కువగా మోసేది రెండో చేతి కారు కొన్నవాడు. బ్రోషర్‌లోని అంకె కొత్త స్ప్రింగులది. ఏళ్ల తరబడి బరువు మోసిన స్ప్రింగు కుంగుతుంది, రబ్బరు బుష్‌లు అరుగుతాయి, పాత యజమాని గ్యాస్ సిలిండర్ బిగించి ఉంటే వెనుక భాగం ఇంకొంత దిగుతుంది. దానికి విరుగుడుగా స్ప్రింగు చుట్ల మధ్య రబ్బరు ముక్కలు, స్ప్రింగు కింద స్పేసర్లు అమ్ముతారు. వాటితో ఎత్తు వస్తుంది కానీ స్ప్రింగు కదలిక తగ్గి కుదుపు పెరుగుతుంది, స్పేసర్‌తో లేపితే యాక్సిల్ కోణం మారి జాయింట్ల మీద ఒత్తిడి పడుతుంది, చక్రాల అలైన్‌మెంట్ తప్పి టైరు ఒకవైపు అరుగుతుంది. కుంగిన స్ప్రింగులు మార్చి అసలు ఎత్తు తెచ్చుకోవడమే సరైన మరమ్మతు. కొనేముందు కారును ఖాళీగా కాకుండా ఇంటిల్లిపాదీ ఎక్కి నడిపి చూడటం అంతకన్నా తెలివైన పని. కానీ ఇవి వ్యక్తి చేసుకోగల సర్దుబాట్లు. చరిత్ర అడిగేది వేరు. కారు అడుగును మిల్లీమీటర్లలో కొలిచి పన్ను వేయగలిగిన వ్యవస్థకు స్పీడ్ బ్రేకర్ ఎత్తును సెంటీమీటర్లలో కొలవడం కష్టం కాదు. 1988 నుంచి కొలత కాగితం మీదే ఉంది. ప్రతి మున్సిపాలిటీ, ప్రతి పంచాయతీ తన పరిధిలోని గట్లను ఆ కొలతకు తెచ్చేదాకా 170 మి.మీ. గీతను విలాసానికి హద్దుగా వాడే నైతిక హక్కు ఏ ఆర్థిక శాఖకూ ఉండదు.