బళ్ళారి రాఘవ: రాగము వీడిన నటన

జాన్ టెయిలర్ సంస్థ కోలారు బంగారు గనులకు వచ్చిన 1880వ సంవత్సరముననే తాడిపత్రిలో రాఘవాచార్యులు జన్మించెను. ఇది కేవలము కాకతాళీయము. ఐనను కోలారు సీమ తెనుగువారము గనుక ఈ ముచ్చటను విడువలేకున్నాము. ఇంట తెలుగు, బడిలో కన్నడము, గనుల లైనులలో అరవము వినుచు పెరిగిన మావంటివారికి, తెలుగు, కన్నడము, హిందీ, ఇంగ్లీషు నాలుగింటను వేషము కట్టిన ఈ బళ్ళారి ప్లీడరు దగ్గరి చుట్టమువలె తోచును.

ఆయన మేనమామ ధర్మవరము రామకృష్ణమాచార్యులు తెలుగు నాటకమున పద్యములకు, పాటలకు పీట వేసిన పెద్ద. ఆ నీడలో పెరిగిన మేనల్లుడే పద్యమును రాగమునుండి విడిపించుటకు పూనుకొనుట చిత్రము. మరణించుచున్న రాజు సయితము రాగాలాపన సేయగా, ప్రేక్షకులు వన్స్‌మోర్ అని కేకలువేసి వానిని మరల లేపి పాడించుకొన్న కాలమది! రాఘవ పద్యమును మాటవలె పలికెను. మాట ఆగినచోట చూపుతో నడిపెను. కోలాచలము శ్రీనివాసరావుగారి 'రామరాజు'లో ఆయన ధరించిన పఠాను పాత్రను చూచినవారు జీవితాంతము చెప్పుకొనిరి. స్త్రీ పాత్రలు స్త్రీలే ధరింపవలెనని పట్టుబట్టి, లోకనిందకు వెరవక సాధించెను. తరువాత మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తియైన పి.వి. రాజమన్నారుగారి 'తప్పెవరిది' నాటకమున ఆయన సరసన కొమ్మూరి పద్మావతీదేవి నటించిరి.

1927 వేసవిలో గాంధీమహాత్ముడు అనారోగ్యముచే నందిదుర్గమున విశ్రమించెను. ఆ కొండ నాడు కోలారు జిల్లాలోనిదే. 2007లో చిక్కబళ్ళాపురము జిల్లాకు చేరినది. ఆ యేటనే మహాత్ముడు రాఘవ నటించిన 'దీనబంధు కబీర్' అను హిందీ నాటకమును చూచి, 'రాఘవ మహారాజ్‌కీ జై' యని మెచ్చుకొనెను. గాంధీజీ మాతృభాష గుజరాతీ, రాఘవది తెలుగు; ఇరువురికిని పెరభాషయైన హిందీలో ఆ నటన హృదయమును తాకినదన్న, అది పదముల బలము మాత్రమే కాదనియు, మొగమును మౌనమును చేసిన పనియనియు మేము తలంతుము.

ఇట్టి నటునకు కెమెరా సహజమిత్రము కావలసినది. కాని ఆయన తెరమీదికి వచ్చుసరికి ఏబదియారేండ్లు. 1936లో 'ద్రౌపదీ మానసంరక్షణము'న దుర్యోధనుడయ్యెను. పౌరాణికపు కిరీటము క్రింద ఆయన నేర్పు సగము మరుగుపడినదని మా అభిప్రాయము. 1939లో గూడవల్లి రామబ్రహ్మముగారి 'రైతుబిడ్డ'లో మాత్రము కిరీటము లేదు, గద లేదు. జమీందారీ దౌష్ట్యమునకు ఎదురు నిలిచిన పల్లెటూరి రైతు కథ అది. జమీందారులు మండిపడిరి. 1940లో 'చండిక'తో ఆయన చిత్రజీవితము ముగిసినది. 1946లో ఆయన కన్నుమూసెను.

మా సీమ యువకులు కొందరు నేడు చేతి ఫోనులతో పదినిమిషముల చిత్రములు తీయుచున్నారు. పాట లేక, పద్యము లేక, కనురెప్ప కదలికతో కథ చెప్పజూతురు. ఇది పడమటి దేశములనుండి వచ్చిన కొత్త పద్ధతియని వారి నమ్మకము. వారిలో ఒకనికి మొన్న రాఘవ పేరు చెప్పితిమి. బళ్ళారిలో ఏ వీధివాడని అడిగినాడు.