వాయిదా బస్సు

హిందూపురం బస్టాండుకు పొద్దున్నే చేరితే కిటికీ పక్క సీటు దొరుకుతుంది. ధర్మవరం పోయే పల్లెవెలుగు. కాళ్లకు అడ్డంగా చింతపండు మూట. వెనక సీట్లో తెలుగూ కన్నడమూ కలగలిపి ఎవరో బేరమాడుతున్నారు. మీ పక్కన కూర్చున్న పెద్దాయన ఒళ్లో ప్లాస్టిక్ సంచి, అందులో దారంతో బిగించిన కాగితాలు. కేసు కట్ట అని చూడగానే తెలుస్తుంది.

"యాడికి పెద్దాయనా?" కండక్టరు అడుగుతాడు.

"పెనుకొండకప్పా. వాయిదా ఉండాది."

"ఏం కేసు?"

"పొలం. మా నాయన కాలం నుంచి దున్నుకుంటాండాం. అది బంజరని సర్కారోళ్లు అంటాండారు."

కండక్టరు తల ఊపి టికెట్టు కొడతాడు. మీ టికెట్టు మీద ఏపీఎస్‌ఆర్టీసీ అని ఉంటుంది. ఆ పేరు మీద నడిచిన ఒక కేసు ఓ ముఖ్యమంత్రిని కుర్చీ దింపింది.

1950ల చివర ప్రైవేటు బస్సుల రూట్లను ఆర్టీసీ ఒక్కో జిల్లాగా తీసుకుంటూ వచ్చింది. పద్ధతి ఇదీ: ఆర్టీసీ స్కీము వేస్తుంది, ఓనర్లు అభ్యంతరం చెబుతారు, ప్రభుత్వం విని తేలుస్తుంది. ఆర్టీసీ ప్రభుత్వానిదే, వినేదీ ప్రభుత్వమే. కృష్ణా జిల్లా ఓనర్లు సుప్రీంకోర్టుకు వెళ్లారు. గుళ్లపల్లి నాగేశ్వరరావు కేసు అంటారు. అభ్యంతరాలు విన్నది రవాణా శాఖ కార్యదర్శి, నిర్ణయం చేసింది ముఖ్యమంత్రి. ఒకరు విని ఇంకొకరు తేలిస్తే ఆ వినడం ఉత్త తంతేనని జస్టిస్ కోకా సుబ్బారావు తప్పుపట్టారు. పైగా ఆ విన్నవాడు గొడవలో ఒక పక్షమైన శాఖకే పెద్ద. స్కీము మంజూరు కొట్టేశారు.

తర్వాత కర్నూలు వంతు. జిల్లా మొత్తం కాదు, పడమటి భాగం రూట్లే ముందు తీసుకున్నారు. ముఖ్యమంత్రి నీలం సంజీవరెడ్డి తన రాజకీయ ప్రత్యర్థుల మీద కక్షతో ఇలా చేయించారని ఓనర్లు ప్రమాణపత్రం వేశారు. హైకోర్టులో ఓడి సుప్రీంకోర్టుకెక్కారు. 1964లో తీర్పు వచ్చింది. అంత పెద్ద ఆరోపణకు ముఖ్యమంత్రి నుంచి సొంత అఫిడవిట్ లేదు. అది అబద్ధమని ఆయన ప్రమాణం చేసి చెప్పలేదు. జవాబు లేని ఆరోపణను నిజంగానే లెక్కలోకి తీసుకోవాల్సి వస్తుందని కోర్టు స్కీమును రద్దు చేసింది. రాజీనామా చేయమని తీర్పులో ఎక్కడా లేదు. ఆ ఫిబ్రవరిలోనే సంజీవరెడ్డి రాజీనామా చేశారు. నన్నడిగితే, కోర్టు బలం ఆ తీర్పు కాగితంలో కన్నా ఈ రాజీనామాలోనే ఎక్కువ కనబడింది. కోర్టుకు సైన్యం లేదు, ఖజానా లేదు. ఓడినవాడు తలవంచితేనే తీర్పుకు విలువ.

మూడేళ్లకు, 1967లో, ఇదే హిందూపురం ఆయన్ను లోక్‌సభకు పంపింది. స్పీకరయ్యారు. సభలో అన్న మాటల మీద ఆయన్నూ కొందరు సభ్యులనూ ఢిల్లీ కోర్టుకు లాగితే, పార్లమెంటులో మాట్లాడినదాని మీద కోర్టులో దావా చెల్లదని 1970లో సుప్రీంకోర్టే చెప్పింది. ఆయన్ను కుర్చీ దింపిన కోర్టే ఆయనకు అండగా నిలబడింది.

సోమందేపల్లి దాటింది. హైవే పక్కన బండలు పేర్చినట్టు పెనుకొండ కొండ. పెద్దాయన సంచి సర్దుకుంటాడు. మీరూ దిగండి.

విజయనగర రాజుల కాలంలో లేపాక్షి గుడి కట్టించిన విరూపణ్ణ ఈ పెనుకొండలోనే కోశాధికారి. ఖజానా సొమ్ము గుడికి పోశాడని రాజు ఆయన కళ్లు తీయమన్నాడనీ, విరూపణ్ణే వాటిని పెరికి గుడి గోడకేసి కొట్టాడనీ కథ. ఆ మరకలు ఇప్పటికీ చూపిస్తారు. కథే కావచ్చు. కానీ అందులో నేరం మోపిందీ, తేల్చిందీ, శిక్ష వేసిందీ ఒక్కరే.

కోర్టు హాల్లో ఫ్యాను తిరుగుతోంది, గాలి మాత్రం రాదు. బంట్రోతు గుమ్మంలో నిలబడి పేరు పిలుస్తాడు. పెద్దాయన చేతులు కట్టుకుని ముందుకెళ్తాడు. ఆ కేసులో ఎదుటి పక్షం పేరు జిల్లా కలెక్టరు. ప్రభుత్వ ప్లీడరు లేచి, కౌంటరు ఇంకా రాలేదు, టైం కావాలంటాడు. జడ్జి ముఖం చిట్లించి తేదీ వేస్తారు. అర నిమిషం పట్టిందేమో.

ఈ సీమ ఉన్న దత్తమండలాలకు 1800 నుంచి 1807 దాకా కలెక్టరుగా చేసిన థామస్ మన్రోకు ఈ దృశ్యం నచ్చేది కాదు. జడ్జి చేతిలోని మేజిస్ట్రేటు అధికారాన్ని కలెక్టరుకే ఇవ్వాలని వాదించి, 1816లో మద్రాసు రెగ్యులేషన్లలో సాధించాడాయన. రైతుకు దగ్గరలో ఒక్క దొరే ఉండాలన్నది ఆయన నమ్మకం. రైతు దొర మీదే ఫిర్యాదు చేయాల్సి వస్తే? దానికి జవాబు, కోర్టును సర్కారు నుంచి వేరు చేయాలన్న రాజ్యాంగం 50వ అధికరణం దాకా ఆగాల్సి వచ్చింది. అప్పటి కొత్త క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 1974 ఏప్రిల్ 1 నుంచి నేరాల విచారణను జుడీషియల్ మేజిస్ట్రేట్లకే అప్పగించింది.

బయట టీ అంగట్లో ఒక వకీలు గుమాస్తా దీన్నే సులువుగా చెబుతాడు: "సీఐని మార్చాలంటే ఎమ్మెల్యే లెటరు సాలు సార్. ఈ జడ్జిని మార్చాలంటే హైకోర్టు మార్చాల." నిజమే, కింది కోర్టుల జడ్జీల బదిలీలు హైకోర్టు చేతిలో ఉంటాయి. కానీ కోర్టు భవనానికీ సిబ్బందికీ డబ్బు మంత్రులే ఇవ్వాలి. ఇక జవాబివ్వని మౌనం సంగతి. 1964లో దానికి ముఖ్యమంత్రి పదవి పోయింది. ఈ పొద్దు పెనుకొండలో దాని మూల్యం పెద్దాయన కూలి. స్వతంత్ర న్యాయస్థానం గురించి ఉపన్యాసాలిచ్చేవాళ్లు ఈ లెక్క చెప్పరు.

మళ్లీ బస్సు. చెన్నేకొత్తపల్లి మీదుగా ధర్మవరం. వీధిలోకి వెళ్తే ఇళ్లలోంచి మగ్గాల చప్పుడు. గుంటలో కాళ్లు పెట్టుకుని నేస్తున్న ఆయన పని ఆపకుండానే మాట్లాడతాడు. 1985 చట్టం కింద 22 రకాల బట్టలను చేమగ్గాలకే కేటాయించారు. మరమగ్గాల యజమానులు కోర్టులకెక్కారు. చట్టం చెల్లుతుందని సుప్రీంకోర్టు తేల్చేసరికి 1993. మూడేళ్లకు ప్రభుత్వమే ఆ 22ను 11 చేసింది.

"గెలిచినాం కదా?" అంటారు మీరు.

"గెలిచినాం సార్. పట్టుకునేటోళ్లు ఏరీ? మన పట్టుచీర డిజైను మరమగ్గం మీద దిగతానే ఉండాది."

అధికారులు చట్టం అమలు చేయకపోతే, చేయమని హైకోర్టులో రిట్ వేయొచ్చని చెబుతారు మీరు. ఆయన నాడె పక్కన పెట్టి మొదటిసారి మీ వైపు చూస్తాడు.

"హైకోర్టు ఇప్పుడు యాడుండాది సార్? కర్నూలుకొస్తాదంటిరే?"

రాజధానో హైకోర్టో సీమకు రావాలని 1937 శ్రీబాగ్ ఒడంబడికలో రాసుకున్నారు. సంతకం పెట్టినవాళ్లలో హిందూపురం వైపు కల్లూరు సుబ్బారావు ఒకరు. 1953లో రాజధాని కర్నూలుకు వచ్చింది, మూడేళ్లకే పోయింది. హైకోర్టు గుంటూరులో మొదలై, హైదరాబాదు పోయి, 2019 నుంచి అమరావతిలో ఉంది.

"అమరావతిలో అన్నా. సాయంత్రం ఇక్కడ రైలెక్కితే తెల్లారేసరికి విజయవాడ."

"ఒక్క వాయిదాతో అయిపోతాదా?"