పైడి జైరాజ్: నైజాము వదులుకున్న నటుడు

నటుల చరిత్రను మనవాళ్లు వేషాల పట్టికగా చెప్పుకుంటారు. ఆ వేషాలు ఏ ఊళ్లో, ఏ భాషలో, ఎవరి పెట్టుబడి కింద కట్టవలసి వచ్చిందన్న ప్రశ్న అరుదుగా వేస్తారు. పైడి జైరాజ్ విషయంలో ఆ ప్రశ్న వేయక తప్పదు. 1909లో కరీంనగరులో పుట్టిన తెలుగువాడు. చార్మినారు వైపు నుంచి చూస్తే మూసీకి అవతల ఉన్న నిజాం కాలేజీలో చదివినవాడు. 1929లో బొంబాయి వెళ్లి మూకీ చిత్రాలలో చేరాడు. 2000లో కన్నుమూసేదాకా బొంబాయివాడుగానే ఉండిపోయాడు.

సాహసం కోసం వెళ్లాడని చెప్పడం తేలిక. కాని అంతకు కొద్ది యేళ్ల ముందు హైదరాబాదులోనే చిత్రపరిశ్రమ మొలకెత్తింది. ధీరేన్ గంగూలీ అనే బెంగాలీ కళాకారుడు 1922 ప్రాంతంలో ఇక్కడ లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టి మూకీలు తీశాడు. 1924లో 'రజియా బేగం' చూపించాడు. ఢిల్లీని ఏలిన సుల్తానా ప్రేమకథ నిజాముకు కోపం తెప్పించింది. గంగూలీ రాజ్యం విడిచి వెళ్లవలసి వచ్చింది. జైరాజ్ ప్రయాణానికి ఇదొక్కటే కారణమని నేను అనను. అయితే ప్రభువు ఆగ్రహం ఒక్క మనిషినే తరమదు. అతని చుట్టూ పని నేర్చుకుని ఎదగవలసిన తరాన్ని కూడా తరుముతుంది.

1931లో 'ఆలం ఆరా'తో తెర మాట్లాడసాగింది. మూకీ నటులకు అది గండం. జైరాజ్ దాన్ని దాటాడు; 1932లో 'షికారీ'తో టాకీలలో అడుగుపెట్టాడు. తెలుగును గడప దాటనీయని నైజాము కచేరీ భాష ఉర్దూయే ఆయనకు బొంబాయిలో అన్నం పెట్టిందనుకోవాలి. ఇదొక విచిత్రం. మరో విచిత్రం: హెచ్.ఎం. రెడ్డి తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' తయారైందీ బొంబాయిలోనే. తర్వాత తెలుగు పరిశ్రమ మద్రాసులో స్థిరపడింది. నైజాము తెలుగువాడికి అది మరింత దూరం. జైరాజుకు పేరు తెచ్చిన చిత్రాలలో తెలుగు చిత్రం లేదు.

'భాభీ' (1938), దేవికారాణి సరసన 'హమారీ బాత్' (1943), స్వయంగా దర్శకత్వం వహించిన 'ప్రతిమ' (1945)... ఇవి ఆయన మంచి కాలం. ఆ తర్వాత రాజవేషాలు వచ్చాయి: అమర్‌సింగ్ రాథోడ్, పృథ్వీరాజ్ చౌహాన్, టిప్పు సుల్తాన్. 1946-51 మధ్య తెలంగాణ రైతులు గడీలను ఎదిరించి భూములు పంచుకున్నారు. ఆ దశాబ్దం తిరగకుండానే కరీంనగరు బిడ్డ తెరమీద కిరీటాలు పెట్టుకుంటున్నాడు! దోషం నటుడిదని తీర్పు చెప్పడం తొందరపాటు. వేషం ఎంచేది పెట్టుబడి. నటుడు కూలికి కత్తి తిప్పుతాడు. టిప్పును తక్కిన రాజులతో ఒకే గాట కట్టడం కూడా న్యాయం కాదు. 1963లో ఆయన చంద్రశేఖర్ ఆజాద్ పాత్ర ధరించాడు. నా దృష్టిలో ఆ వేషం కిరీటాలన్నిటికన్న బరువైనది.

వయసు మీదపడ్డాక చిన్న పాత్రలే దక్కాయి. 'షోలే' (1975)లో ఆయనను చూసినవాళ్లు కోట్లమంది, గుర్తుపట్టినవాళ్లు ఎందరు? 1980 సంవత్సరానికి దాదా సాహెబ్ ఫాల్కే అవార్డు వచ్చింది.

ఇప్పుడు రవీంద్రభారతిలో ఒక చిన్న ప్రదర్శనశాలకు ఆయన పేరుంది. మనవాడని చెప్పుకోవడానికి అది చాలు ననుకునేవాళ్లున్నారు. కాని ఆయన తొలి పని చూద్దామంటే దారేదీ? మన దేశపు మూకీలలో అత్యధిక భాగం ఏనాడో నశించిపోయింది.