పిలుపు అందని పరీక్ష

ఏ బాధా లేకుండా తన పనులు తాను చేసుకుంటున్న మనిషిని పిలిచి పరీక్షించి, రోగం బయటపడకముందే దాని ఆనవాళ్లను పట్టుకునే పద్ధతిని వైద్యులు స్క్రీనింగ్ అని వ్యవహరిస్తారు. రోగి వైద్యుణ్ణి వెతుక్కుంటూ వెళ్లడం వేల ఏళ్ల నాటి అలవాటు కాగా, ఆరోగ్యంగా ఉన్నవారి దగ్గరకు వైద్యమే నడిచి వెళ్లాలన్న ఆలోచన ఆధునిక కాలానిది. 1861లో లండన్ వైద్యుడు హొరేస్ డోబెల్ తన ఉపన్యాసాలలో ఆరోగ్యవంతులకు కూడా నిర్ణీత వ్యవధిలో పరీక్షలు జరపాలని వాదించగా, 20వ శతాబ్దపు తొలి దశకాలలో అమెరికా జీవిత బీమా సంస్థలు పాలసీదారులు ఎక్కువ కాలం బతికితే తమకు మేలన్న లెక్కతో ఆ పనిని ప్రోత్సహించాయి. తరువాతి కాలంలో రక్తపోటుకు, మధుమేహానికి, రొమ్ము క్యాన్సర్‌కు ఇటువంటి పరీక్షలు ఎన్నో వచ్చాయి. అయితే పరీక్షను కనుగొనడానికీ దానితో ప్రాణాలు కాపాడడానికీ మధ్య ఎంత దూరం ఉంటుందో గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ పరీక్ష చరిత్ర చూపినంత స్పష్టంగా మరొకటి చూపదు.

గర్భసంచి కింది కొస యోనిలోకి తెరుచుకునే చోటును గర్భాశయ ముఖద్వారం అంటారు. అక్కడి కణాలు ఒక్కనాటితో క్యాన్సర్ కణాలుగా మారవు. ముందుగా వాటి ఆకారం, కేంద్రకం పరిమాణం కొద్దికొద్దిగా మారుతూ వచ్చి, సాధారణంగా పది, పదిహేనేళ్లు, ఒక్కోసారి అంతకంటే ఎక్కువ కాలం గడిచిన తరువాతనే అసలు వ్యాధి తలెత్తుతుంది. క్యాన్సర్‌కు పూర్వదశ అని పిలిచే ఈ సుదీర్ఘ కాలంలో స్త్రీకి నొప్పి గానీ రక్తస్రావం గానీ ఉండవు కనుక ఆమె అంతట ఆమె ఆసుపత్రికి వెళ్లే అవకాశం లేదు. ఆ దశలోనే మార్పును పట్టుకోగలిగితే మాత్రం చిన్న చికిత్సతో వ్యాధిని పుట్టకుండానే ఆపవచ్చు. ప్రకృతి ఇంత గడువు ఇచ్చే క్యాన్సర్లు అరుదు.

ఆ గడువును ఉపయోగించుకునే దారి చూపినవాడు గ్రీసు దేశపు యుబోయా దీవిలోని కీమీలో 1883లో పుట్టిన జార్జ్ పాపనికొలావ్. ఏథెన్స్‌లో వైద్యం, మ్యూనిక్‌లో జీవశాస్త్రం చదివిన ఆయన, 1913లో భార్య ఆండ్రోమాకితో కలిసి న్యూయార్క్ చేరినప్పుడు ఇద్దరికీ ఇంగ్లీషు సరిగా రాదు, చేతిలో ఉన్న డబ్బు కూడా స్వల్పమే. జింబెల్స్ అనే పెద్ద దుకాణంలో ఆయన తివాచీలు అమ్మగా, ఆమె అదే దుకాణంలో బొత్తాలు కుట్టింది. మరుసటి ఏడాది కార్నెల్ వైద్య కళాశాలలో చోటు దొరికిన తరువాత ఆయన గినీపందుల యోనిస్రావాన్ని గాజు స్లైడు మీద పులిమి, సూక్ష్మదర్శిని కింద ఆ కణాలను చూసి జంతువు ఋతుచక్రంలో ఏ దశలో ఉందో చెప్పవచ్చని చార్లెస్ స్టాకర్డ్‌తో కలిసి 1917లో నిరూపించాడు. అదే పద్ధతిని మనుషులకు వర్తింపజేయడానికి మొదట నమూనాలు ఇచ్చింది ఆండ్రోమాకియే. జీతం లేకుండా ప్రయోగశాలలో సహాయకురాలిగా పనిచేస్తూ, 20 ఏళ్లకు పైగా ఆమె ఆ పరీక్షకు తన శరీరాన్నే అప్పగించింది. పరీక్షకు ఆయన పేరులోని మొదటి అక్షరాలతో ‘పాప్ స్మియర్’ అని పేరు స్థిరపడింది గానీ, ఆమె ఓర్పు లేకుండా అది సాధ్యమయ్యేది కాదని వైద్యచరిత్ర గ్రంథాలు ఇంకా గట్టిగా చెప్పవలసి ఉంది.

స్త్రీల నమూనాలను చూస్తుండగా వాటిలో కొన్నింట క్యాన్సర్ కణాలు విడివిడిగా కనిపించడాన్ని గమనించిన పాపనికొలావ్, 1928లో మిషిగన్ రాష్ట్రంలోని బాటిల్ క్రీక్‌లో జరిగిన సదస్సులో ఆ సంగతి వెల్లడించాడు. దాదాపు అదే కాలంలో రుమేనియాలో ఆరెల్ బాబెష్ కూడా స్వతంత్రంగా ఇదే నిర్ధారణకు వచ్చి దానిని ప్రచురించాడు. అయితే ఆనాటి వైద్యలోకం పెద్దగా పట్టించుకోలేదు: ముఖద్వారం కంటికి కనిపించే అవయవమే కదా, అనుమానం కలిగితే చిన్న ముక్క కోసి పరీక్షిస్తే, అంటే బయాప్సీ చేస్తే సరిపోతుందన్నది వారి వాదన. అనుమానమే కలగని స్త్రీ సంగతి ఏమిటన్న ప్రశ్న వారికి తట్టలేదు. పదేళ్లకు పైగా పక్కన పడి ఉన్న ఆ పరిశోధన 1939 తరువాత స్త్రీవ్యాధుల నిపుణుడు హెర్బర్ట్ ట్రౌట్ తోడ్పాటుతో తిరిగి మొదలై, ఆసుపత్రిలో చేరే స్త్రీలకు స్మియర్ తీయడం ఆనవాయితీ కావడంతో 1941లో వ్యాసంగా, 1943లో గ్రంథంగా వెలువడింది. జపాన్‌లో పుట్టిన చిత్రకారుడు హషిమె మురయామా ఆ గ్రంథానికి కణాల చిత్రాలను రంగులలో గీశాడు. 1947లో జె. ఎర్నెస్ట్ ఎయిర్ ముఖద్వారాన్ని నేరుగా గీకి కణాలు సేకరించే చెక్క గరిటెను ప్రవేశపెట్టడంతో నమూనా తీయడం సులువైంది.

ఇంతటితో సమస్య తీరిపోయిందని 1950ల నాటి వైద్యులు భావించి ఉంటే ఆశ్చర్యపోనక్కరలేదు గానీ, అసలు పాఠం నార్డిక్ దేశాల నుంచి వచ్చింది. పరీక్ష ఒకటే, జనజీవనం ఇంచుమించు ఒకటే అయినా, 1965 నుంచి 1982 వరకు ఈ క్యాన్సర్ మరణాలు ఐస్‌లాండ్‌లో 80 శాతం, ఫిన్లాండ్‌లో 50 శాతం, స్వీడన్‌లో 34 శాతం తగ్గగా, నార్వేలో 10 శాతం మాత్రమే తగ్గాయి. ఐస్‌లాండ్, ఫిన్లాండ్‌లలో ప్రభుత్వం జనాభా పట్టికలోని పేర్లను తీసుకొని నిర్ణీత వయసు వచ్చిన ప్రతి స్త్రీకి ఉత్తరం రాసి పిలిచింది; నార్వేలో జనాభాలో 5 శాతానికే అటువంటి ఏర్పాటు ఉండి, మిగిలినచోట్ల పరీక్ష వైద్యుని ఇష్టానికీ స్త్రీ చొరవకూ వదిలివేయబడింది. బ్రిటన్ కథ కూడా ఇదే. 1964 నుంచి అక్కడ లక్షలాది స్మియర్లు తీసినా, అవి అవసరం తక్కువ ఉన్న యువతులకే పదేపదే అందడం వల్ల వ్యాధి చెప్పుకోదగినంతగా తగ్గలేదు. 1988లో కంప్యూటర్ పట్టికల ఆధారంగా పిలుపు, మళ్లీ పిలుపు పద్ధతి మొదలైన తరువాత పరీక్ష అందిన స్త్రీల శాతం 42 నుంచి 1994 నాటికి 85కు పెరిగి, వ్యాధి వేగంగా వెనక్కి తగ్గింది. అమెరికాలో మరో లోపం బయటపడింది: స్లైడు ఒక్కింటికి ఇంత అని కూలి కట్టి, సాంకేతిక నిపుణుల చేత హడావుడిగా చూపించే ప్రయోగశాలలు క్యాన్సర్‌ను గుర్తించకుండా వదిలేస్తున్నాయని 1987లో వాల్ స్ట్రీట్ జర్నల్ రాయడంతో, ఒక్కరు రోజుకు 100 స్లైడ్లకు మించి చూడరాదన్న నిబంధన మరుసటి ఏడాది చేసిన చట్టం ద్వారా అమలులోకి వచ్చింది.

పాప్ పద్ధతి భారతదేశపు గ్రామాలకు ఎందుకు చేరలేదన్న ప్రశ్నకు సమాధానం ఈ చరిత్రలోనే ఉంది. స్లైడు తీయడానికి ఒకసారి, ఫలితానికి ఒకసారి, చికిత్సకు మరోసారి స్త్రీ కూలి పోగొట్టుకొని రావాలి. చూడడానికి శిక్షణ పొందిన నిపుణులు కావాలి. అందుకే ఇక్కడి పరిశోధకులు వేరే దారులు వెతికారు. ముఖద్వారం మీద పలుచని ఎసిటిక్ ఆమ్లం, అంటే వెనిగర్‌లో ఉండే ఆమ్లమే, పూసి నిమిషం ఆగితే మారిన కణాలున్న చోటు తెల్లబడుతుంది. వీఐఏ అని పిలిచే ఈ పరీక్షకు ప్రయోగశాల అక్కరలేదు, ఫలితం అప్పటికప్పుడే తెలుస్తుంది. ముంబయి మురికివాడలలో టాటా స్మారక ఆసుపత్రి వారు స్థానిక మహిళలకు శిక్షణ ఇచ్చి జరిపిన ఈ పరీక్షల వల్ల మరణాలు 31 శాతం తగ్గాయి. అయితే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లోని మేడ్చల్ ప్రాంతంలో పాప్, వీఐఏ పరీక్షలను, ఈ క్యాన్సర్‌కు మూలమైన వైరస్‌ను వెతికే హెచ్‌పీవీ పరీక్షను పక్కపక్కన పెట్టి పోల్చినప్పుడు వీఐఏ వెనకబడింది; చూసేవారి నైపుణ్యం మీద ఆధారపడే పరీక్షకు ఆ ప్రమాదం తప్పదు.

హెచ్‌పీవీ అనే వైరస్ ఈ క్యాన్సర్‌కు మూలమని 1980లలో జర్మన్ శాస్త్రవేత్త హరాల్డ్ జుర్ హౌజెన్ బృందం చూపగా, ఆయనకు 2008లో నోబెల్ బహుమతి లభించింది. ఆ వైరస్ ఉనికినే నేరుగా పట్టుకునే పరీక్ష ఎంత మేలు చేయగలదో ప్రపంచానికి మొదటిసారి గట్టి రుజువుతో చెప్పింది మహారాష్ట్రలోని ఉస్మానాబాద్ జిల్లా. 1999లో మొదలుపెట్టి 52 గ్రామ సముదాయాలలో 30 నుంచి 59 ఏళ్ల మధ్య వయసు గల 1,31,746 మంది స్త్రీలను నాలుగు వర్గాలుగా విభజించి పరిశీలించగా, జీవితంలో ఒక్కసారి హెచ్‌పీవీ పరీక్ష జరిగిన వర్గంలో 34 మంది, ఏ పరీక్షా జరగని వర్గంలో 64 మంది ఈ క్యాన్సర్‌తో మరణించారని 2009లో వెల్లడైంది. పరీక్ష జరగని వర్గాన్ని అలా వదిలివేయడం న్యాయమా అన్న విమర్శ ఇటువంటి అధ్యయనాల మీద ఆ తరువాత తీవ్రంగానే వచ్చింది, ఆ విమర్శను తేలికగా కొట్టివేయడం తగదు. ఆ గ్రామాల స్త్రీల మూలంగా తెలిసిన సత్యాన్ని ఆచరణలో పెట్టినప్పుడే వారి రుణం కొంతైనా తీరుతుంది. 30 ఏళ్లు దాటిన స్త్రీలకు హెచ్‌పీవీ పరీక్షనే ప్రధానంగా వాడాలని, 5 నుంచి 10 ఏళ్లకు ఒకసారి చేస్తే సరిపోతుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో సూచించింది. నమూనాను స్త్రీ తానే తీసుకొని ఇవ్వగల వీలు ఈ పరీక్షకు ఉండడం, సంకోచంతో ఆసుపత్రి గడప తొక్కని వారికి పెద్ద ఊరట.

భారత ప్రభుత్వం 2016లోనే 30 నుంచి 65 ఏళ్ల స్త్రీలకు ఐదేళ్లకు ఒకసారి వీఐఏ జరపాలని మార్గదర్శకాలు ఇచ్చింది, తెలంగాణలో 2023 మార్చి 8న మొదలైన ఆరోగ్య మహిళ కార్యక్రమం ఎంపిక చేసిన కేంద్రాలలో ప్రతి మంగళవారాన్ని స్త్రీల పరీక్షలకు కేటాయించింది. అయినా 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం 30 నుంచి 49 ఏళ్ల భారతీయ స్త్రీలలో ఈ పరీక్ష ఒక్కసారైనా చేయించుకున్నవారు 2 శాతం లోపే. 2022 అంచనాల ప్రకారం దేశంలో ఏటా దాదాపు 80 వేల మంది ఈ వ్యాధితో మరణిస్తున్నారు. రక్తపోటు, చక్కెర వ్యాధుల కోసం ఇంటింటికీ తిరిగి పేర్లు నమోదు చేసే ఆశా కార్యకర్తలు, ఏఎన్ఎంలు ఉన్న దేశంలో ఐస్‌లాండ్ తరహా పట్టిక అసాధ్యమేమీ కాదు. ప్రతి ప్రాథమిక ఆరోగ్య కేంద్రం తన పరిధిలోని 30 దాటిన స్త్రీల పేర్లు రాసుకొని, పేరుపేరునా పిలిచి, రానివారిని మళ్లీ పిలిచి, అనుమానం తేలినవారికి చికిత్స పూర్తయ్యే వరకు వెంట ఉండాలి. ఆ పిలుపు వచ్చేదాకా ఆగకుండా 30 దాటిన స్త్రీలు తమంతట తాముగా దగ్గరి ప్రభుత్వ ఆసుపత్రిలో ఈ పరీక్ష కోసం అడగాలి, ఫలితం తెలుసుకోకుండా విషయాన్ని వదిలేయకూడదు. పూర్వదశలో పట్టుబడిన మార్పుకు చేసే చికిత్స చాలామందికి కొద్ది నిమిషాలలో ముగిసి, అదే రోజు ఇంటికి వెళ్లగలిగేంత చిన్నది.