పంటి పురుగు పుట్టుపూర్వోత్తరాలు

పన్ను పుచ్చడం నోట్లోని బ్యాక్టీరియా చేసే పని. పళ్ళ మీద పాచిగా పేరుకునే ఈ సూక్ష్మజీవులు తిండిలోని చక్కెరను పులియబెట్టి లాక్టిక్ ఆమ్లంగా మారుస్తాయి. పాలు తోడుకున్నాక పెరుగుకు పులుపునిచ్చేదీ ఈ ఆమ్లమే. పంటికి పై తొడుగైన ఎనామెల్ మనిషి ఒంట్లో అన్నిటికన్నా గట్టి పదార్థం. అయినా ఆమ్లం తగిలితే అందులోని కాల్షియం, ఫాస్ఫేటు కరిగి బయటికి వచ్చేస్తాయి. ముందు నిగారింపు పోయిన తెల్లమచ్చ కనిపిస్తుంది. తరవాత అది గోధుమరంగుకు తిరిగి గరుకుబారుతుంది, గుంట పడుతుంది. గుంట లోపలి డెంటీన్‌ను తొలుచుకుంటూ నరం దాకా పోయినప్పుడు రాత్రిళ్ళు నిద్ర పట్టనివ్వని పిప్పిపన్ను తయారవుతుంది.

ఈ సంగతి తేలకముందు కొన్ని వేల ఏళ్ళ పాటు నేరమంతా పురుగు మీదే ఉంది. బాబిలోనియా మట్టిపలకల్లో పంటిపురుగు ఎలా పుట్టిందో చెప్పే కథ, దాన్ని వదిలించే మంత్రం కనిపిస్తాయి. సుశ్రుత సంహిత నిదానస్థానంలో క్రిమిదంతం ఒక ప్రత్యేక రోగం: పన్ను నల్లబడి చిల్లు పడుతుంది, కదులుతుంది, కారుతుంది, కారణం లేకుండా సలుపుతుంది. చూసి రాసిన లక్షణాలవి. నేటి దంతవైద్యుడు కూడా వాటిలో పెద్దగా మార్చేదేమీ ఉండదు. తప్పు పోయింది కారణం దగ్గర. చికిత్సగా వాకుడు గింజల పొగ పట్టడం మన నాటువైద్యంలో ఇప్పటికీ వినబడేదే. యూరప్‌లో ఇదే పనికి హెన్‌బేన్ అనే మొక్క గింజలు నిప్పుల మీద వేసి, ఆ పొగను నోటికి పట్టించి, కింద గిన్నె నీళ్ళలో పడిన సన్నని తెల్లటి పోగుల్ని పురుగులుగా చూపించేవారు. వేడికి గింజ పగిలి బయటపడ్డ మొలకలవి. నొప్పి మాత్రం కాసేపు నిజంగానే తగ్గేది, ఎందుకంటే ఆ మొక్కలో మత్తునిచ్చే రసాయనాలున్నాయి. రోగికి ఉపశమనం దొరికింది, కళ్ళకు పురుగు కనిపించింది. నమ్మకం అన్ని శతాబ్దాలు నిలవడంలో వింత లేదు.

పురుగు స్థానంలోకి సూక్ష్మజీవి రావడానికి తొలి అడుగు హాలండ్‌లోని డెల్ఫ్ట్ పట్టణంలో పడింది. బట్టల వ్యాపారి ఆంటొనీ వాన్ లేవెన్‌హుక్ తను సానబట్టిన కటకాల కింద తన పళ్ళ సందుల్లోని తెల్లటి పాచిని పెట్టి చూశాడు. చురుగ్గా ఈదుతూ, గిరగిర తిరుగుతూ ఉన్న జీవుల్ని బొమ్మలు గీసి, 1683 సెప్టెంబరు 17న లండన్ రాయల్ సొసైటీకి ఉత్తరం రాశాడు. రోజూ ఉప్పుతో పళ్ళు రుద్దుకునే మనిషి ఆయన. అంత శుభ్రమైన నోట్లోనూ ఇన్ని జీవులున్నాయని తెలిసి ఆశ్చర్యపోయాడు. పళ్ళు ఎన్నడూ తోముకోని ఒక ముసలాయన పాచిని కూడా తెచ్చి పోల్చాడు. మరికొన్నేళ్ళకు, వేడి కాఫీ తాగేవారి ముందుపళ్ళ మీద బతికున్న జీవులు కనబడవనీ, వెనక పళ్ళ సందుల్లో మాత్రం ఉంటాయనీ గమనించాడు. కానీ ఈ జీవులకూ పన్ను పుచ్చడానికీ ముడి పెట్టలేదు. 1728లో ఫ్రెంచి వైద్యుడు పియేర్ ఫొషార్ దంతవైద్యం మీద పెద్ద గ్రంథం వెలువరించి, పంటిపురుగు తనకెక్కడా కనబడలేదనీ, తీపి పళ్ళకు చేటనీ రాశాడు. సగం నిజం హాలండ్‌లో, సగం నిజం ఫ్రాన్స్‌లో దొరికాయి. రెండూ కలవడానికి మరో నూటఅరవై ఏళ్ళు పట్టింది.

కలిపినవాడు విల్లబీ డేటన్ మిల్లర్. అమెరికాలో పుట్టి, బెర్లిన్‌లో రాబర్ట్ కాక్ బృందం దగ్గర బ్యాక్టీరియా విద్య నేర్చిన దంతవైద్యుడు. ఊడదీసిన పళ్ళను లాలాజలంలో వేసి, దానికి రొట్టె కలిపి, ఒంటివేడిలో ఉంచి చూశాడు. పన్ను మెత్తబడింది. రొట్టెకు బదులు మాంసం కలిపితే మెత్తబడలేదు. లాలాజలాన్ని ముందే కాచి సూక్ష్మజీవుల్ని చంపేస్తే రొట్టె ఉన్నా ఏమీ కాలేదు. అంటే జీవి ఒక్కటీ చాలదు, తిండి ఒక్కటీ చాలదు. ఈ ఫలితాలతో 1890లో ఇంగ్లీషులో వచ్చిన ఆయన గ్రంథమే నేటి దంతక్షయ శాస్త్రానికి పునాది. ఆ దశాబ్దమంతా సూక్ష్మజీవులదే. 1897 ఆగస్టు 20న రొనాల్డ్ రాస్ దోమ కడుపులో మలేరియా క్రిమిని చూసిన భవనం, ఇప్పటి హైదరాబాదు బేగంపేటలోనే ఉంది. మలేరియాకు ఒక క్రిమి, ఒక దోమ దొరికాయి. పుచ్చుపన్నుకు మాత్రం మిల్లర్ ఒక్క దోషి పేరూ చెప్పలేదు. నోట్లో ఆమ్లం చేసే జీవులన్నీ కలిసి చేసే పనే ఇది అన్నాడు. ఆ మాట చాలాకాలం వెనకబడి, మళ్ళీ ఈ తరంలోనే నిలబడింది.

ఒక్క దోషిని వెతికే పని మాత్రం ఆగలేదు. 1924లో లండన్‌లో జె. కిలియన్ క్లార్క్ పుచ్చిన పళ్ళ నుంచి ఒక గొలుసు బ్యాక్టీరియాను వేరుచేసి స్ట్రెప్టోకాకస్ మ్యూటన్స్ అని పేరు పెట్టాడు. దాన్ని ముప్ఫై ఏళ్ళకు పైగా అందరూ దాదాపు మరిచిపోయారు. 1954లో అమెరికాలో ఫ్రాంక్ ఆర్లండ్ బృందం, పుట్టుక నుంచీ ఏ సూక్ష్మజీవీ సోకకుండా పెంచిన ఎలుకలకు చక్కెర మేపింది. ఒక్క పన్నూ పుచ్చలేదు. 1960లో పాల్ కీస్ హ్యామ్‌స్టర్లతో ఇంకో ముడి విప్పాడు. పళ్ళు పుచ్చని సంతతి పిల్లల్ని పుచ్చుపళ్ళ సంతతితో ఒకే బోనులో ఉంచితే వాటికీ పుచ్చడం మొదలైంది. సహచరుడు ఫిట్జెరాల్డ్‌తో కలిసి ఆయన అలా సోకించగలిగిన జీవి, తరవాత తేలినదాని ప్రకారం, క్లార్క్ చూసిన మ్యూటన్స్ గుంపుదే.

మ్యూటన్స్ బలం రెండు చోట్ల ఉంది. ఒకటి, తాను చేసిన ఆమ్లంలో తానే హాయిగా బతకగలగడం. రెండోది, జిగురు. చక్కెర అణువులో గ్లూకోజు, ఫ్రక్టోజు జంటగా ఉంటాయి. మ్యూటన్స్ తన ఎంజైములతో ఆ జంటను విడదీసి, గ్లూకోజును పొడవాటి గ్లూకాన్ పోగులుగా అల్లుతుంది. నీటికి కరగని ఆ జిగురుతో పంటి నునుపు మీద అతుక్కుంటుంది, తోటి జీవుల్నీ అతికించుకుంటుంది. అందుకే పాచి పుక్కిలిస్తే పోదు, రాపిడి కావాలి. పందుంపుల్ల నమిలి కుంచెలా చేసుకుని తోమినా, బ్రష్షుతో తోమినా అసలు మేలు ఆ రాపిడిదే. సుశ్రుతుడు పేర్కొన్న వేప, చండ్ర, ఇప్ప, కానుగ పుల్లల చేదూ వగరూ బ్యాక్టీరియాను కొంత అణచవచ్చు గానీ, పుల్ల వెళ్ళలేని పళ్ళ సందుల్లో ఏ రసమూ ఎక్కువసేపు నిలవదు. బొగ్గు, ఇటుకపొడి మాత్రం పాచితో పాటు ఎనామెల్‌నీ అరగదీస్తాయి.

జిగురు కన్నా జనానికి తెలియాల్సింది గడియారం సంగతి. 1940ల్లో రాబర్ట్ స్టీఫన్ పాచిలో సన్నని తీగ ఎలక్ట్రోడ్లు పెట్టి, తీపినీళ్ళు పుక్కిలించాక ఆమ్లత ఎలా మారుతుందో కొలిచాడు. కొద్ది నిమిషాల్లోనే పీహెచ్ 5.5 కంటే కిందికి జారింది. ఎనామెల్ కరగడం మొదలయ్యేది దాదాపు అక్కడే. తిరిగి మామూలుకు రావడానికి అరగంట నుంచి గంట పట్టింది. ఆ తేరుకునే పని లాలాజలానిది. ఆమ్లాన్ని విరిచి, కాల్షియాన్నీ ఫాస్ఫేటునూ పంటికి తిరిగి అందిస్తుంది. తిండికీ తిండికీ నడుమ వ్యవధి ఉంటే పోయిందానిలో చాలావరకు పూడుతుంది.

ఆ వ్యవధి లేనిచోటు చూడాలంటే హైదరాబాదులోని అమీర్‌పేట చాలు. మైత్రీవనం, ఆదిత్య ఎన్‌క్లేవ్ చుట్టూ సాఫ్ట్‌వేర్ కోచింగులకు వచ్చి హాస్టళ్ళలో ఉండే పిల్లల రోజు చాయ్‌ల మధ్య నడుస్తుంది. క్లాసుకు ముందొకటి, క్లాసు విడిచాక ఒకటి, మధ్యాహ్నం నిద్ర ఆపుకోవడానికి ఒకటి, ల్యాబు అయ్యాక ఉస్మానియా బిస్కెట్లతో ఇంకొకటి, రాత్రి చదువుకు మరొకటి. చిక్కటి పాలలో మరిగిన తియ్యటి చాయ్ గుటకగుటకకూ ఆమ్లం తయారవుతుంది. బిస్కెట్ ముద్ద దవడ పళ్ళ గీతల్లో ఇరుక్కుని ఇంకాసేపు మేత వేస్తుంది. రోజుకు ఐదారుసార్లు అరగంట చొప్పున లెక్కేసినా పన్ను రెండున్నర, మూడు గంటలు ఆమ్లంలో నానినట్టే. అదే చక్కెరంతా భోజనంతో పాటు ఒక్కసారే తింటే నష్టం ఇంతలో సగం ఉండదు. ఎంత తీపి తిన్నారన్నదాని కంటే ఎన్నిసార్లు తిన్నారన్నది పంటికి ముఖ్యం. దంతక్షయ చరిత్ర మొత్తంలో రోజువారీ బతుక్కు ఇంతకన్నా పనికొచ్చే ఫలితం మరొకటి లేదు.

ఆ ఫలితానికి మనుషులు కట్టిన మూల్యం కూడా చెప్పాలి. స్వీడన్‌లో లుండ్ దగ్గరి వీపెహోల్మ్ సంస్థలో ఉన్న మానసిక వైకల్యం గలవారికి 1940ల్లో, వాళ్ళ అనుమతి లేకుండా, పళ్ళకు అంటుకునే టాఫీలు భోజనాల మధ్య పెట్టి చూశారు. చాలామంది పళ్ళు పాడయ్యాయి. భోజనాల మధ్య తినే అంటుకునే తీపే అన్నిటికన్నా చెరుపని అక్కడే గట్టిగా రుజువైంది. ఆ సాక్ష్యాన్ని శాస్త్రం వాడుకుంది. ఆ ప్రయోగం అన్యాయమన్న తీర్పు కూడా దానితో పాటే నిలిచిపోయింది.

ఈ బ్యాక్టీరియా కొత్తగా వచ్చినవి కావు. ఇప్పటి బలూచిస్తాన్‌లోని మెహర్‌గఢ్‌లో 7,500 నుంచి 9,000 ఏళ్ళ నాటి సమాధుల్లో, చెకుముకి మొనతో తొలిచిన పదకొండు దవడ పళ్ళు దొరికాయని 2006లో ప్రకటించారు. వాటిలో కొన్ని పుచ్చినవి. ధాన్యం పండించి పిండి తినడం నేర్చిన తొలి పల్లెల్లోనే పన్ను పుచ్చడమూ ఉందన్నమాట. పళ్ళ మీద రాయిలా గట్టిపడే గార వేల ఏళ్ళ నాటి సూక్ష్మజీవుల డీఎన్ఏను దాచి ఉంచుతుంది. యూరప్ అస్థిపంజరాల గారను పరిశీలించి 2013లో వెలువడిన అధ్యయనం ప్రకారం, వ్యవసాయంతో నోటి జీవుల తీరు మారింది. యంత్రయుగంలో శుద్ధి చేసిన పిండి, చక్కెర వచ్చాక వైవిధ్యం తగ్గి, మ్యూటన్స్ వంటివాటిది పైచేయి అయింది.

తెలుగునాట ఆ మార్పు ఆలస్యంగా, వేగంగా వచ్చింది. 1932లో విదేశీ చక్కెరపై రక్షణ సుంకం వేశాక దేశంలో చక్కెర మిల్లులు నాలుగేళ్ళలోనే దాదాపు నాలుగింతలయ్యాయి. నిజాం రాజ్యంలో 1937లో బోధన్ ఫ్యాక్టరీ స్థాపించారు. పండక్కీ పబ్బానికీ వండే బెల్లపు తీపి స్థానంలో రోజూ కప్పులో కరిగే చక్కెర చేరింది. బెల్లమైతే పళ్ళకు మంచిదనుకోవడం పొరపాటే. అదీ ప్రధానంగా అదే చక్కెర, పైగా అంటుకుంటుంది. మారింది తీపి రకం కంటే దాని వేళలు.

అదే 1937లో పంటికి సంబంధించిన ఇంకో కథ కూడా తెలుగు నేల మీదే మొదలైంది. అప్పటి నెల్లూరు జిల్లాలోని పొదిలి, దర్శి, కనిగిరి ప్రాంతంలో నీటిలోని ఫ్లోరైడు వల్ల పళ్ళు గారబారి, ఎముకలు బిగుసుకుపోతున్నాయని షార్ట్ అనే పరిశోధకుడి బృందం ప్రచురించింది. ఆ తరవాత నల్గొండ ఈ ఫ్లోరోసిస్ జబ్బుకు మారుపేరైంది. 1970ల్లో నాగపూర్‌లోని పర్యావరణ పరిశోధన సంస్థ నీరి పటిక, సున్నంతో ఫ్లోరైడు తీసే పద్ధతికి నల్గొండ పేరే పెట్టింది. అదే ఫ్లోరైడు కొద్ది మోతాదులో పంటికి కాపలా. ఎనామెల్‌లో చేరి ఆమ్లానికి తట్టుకునేలా చేస్తుంది, పోయిన ఖనిజం తిరిగి చేరేందుకు తోడ్పడుతుంది. 1945 జనవరిలో అమెరికాలోని గ్రాండ్ రాపిడ్స్ పట్టణం మంచినీళ్ళలో దాన్ని కావాలని కలిపింది. ఒక దేశం కలుపుతున్న పదార్థాన్నే మన పల్లెలు తీయలేక అల్లాడాయి. తాగేనీటిలో లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటకూడదన్న హద్దు ఈ రెండు అనుభవాల మధ్య నుంచి వచ్చిందే. 2016లో మొదలైన మిషన్ భగీరథ నదీజలాలు ఇంటికి చేరాక నల్గొండ పిల్లల పళ్ళకు ఆ పాత గండం తగ్గింది. బోరునీళ్ళ బదులు నదినీళ్ళు తాగే హైదరాబాదు పిల్లలకు టూత్‌పేస్టులోని ఫ్లోరైడే ముఖ్య ఆధారం.

1994లో ఫిలిప్ మార్ష్ ప్రతిపాదించిన సిద్ధాంతం మిల్లర్ మాటను మళ్ళీ ముందుకు తెచ్చింది. నోటిలో ఏడు వందల దాకా జాతులు గుర్తించారు. వాటిలో ఆమ్లాన్ని విరిచేవీ ఉన్నాయి, వెయిలొనెల్లా లాగా లాక్టిక్ ఆమ్లాన్నే తిని బతికేవీ ఉన్నాయి. పదేపదే ఆమ్లం ఊరే నోట్లో ఇవి తగ్గి, ఆమ్లానికి తట్టుకునేవి పెరుగుతాయి. రోగం తెచ్చేది ఆ తూకం తప్పడమే. 2002లో మ్యూటన్స్ జన్యుపటం పూర్తయింది. 2023లో, చిగుళ్ళ జబ్బులతోనే ముడిపెట్టిన సెలెనోమొనాస్ స్పుటిజెనా అనే జీవి మ్యూటన్స్ చుట్టూ గూడు కట్టి ఆమ్లాన్ని ఇంకా పెంచుతుందని చిన్నపిల్లల పాచిలో తేలింది. పసిపిల్లలకు మ్యూటన్స్ ఎక్కువగా తల్లి లాలాజలం నుంచే చేరుతుంది. ముద్ద నమిలి పెట్టడం, తన చెంచాతోనే తినిపించడం దానికి దారి. తల్లి పుచ్చుపళ్ళకు ముందే వైద్యం చేయిస్తే బిడ్డకు చేరేవి తగ్గుతాయి.

ఈ జీవులు నోటితో ఆగవు. చిగుళ్ళ నుంచి రక్తంలోకి జారిన నోటి స్ట్రెప్టోకాకస్‌లు దెబ్బతిన్న గుండె కవాటాల మీద స్థిరపడి ప్రాణం మీదికి తేగలవు. గుండె కవాటం మార్చేముందు పళ్ళు చూపించుకుని రమ్మనేది అందుకే.

2002–03లో భారత దంతవైద్య మండలి జరిపిన జాతీయ సర్వేలో ఐదేళ్ళ పిల్లల్లో సగానికి పైగా, 35–44 ఏళ్ళవారిలో నూటికి ఎనభై మందికి పుచ్చుపళ్ళు కనిపించాయి. హైదరాబాదులో ప్రభుత్వ దంతవైద్య కళాశాల 1959 నుంచీ ఉంది, అఫ్జల్‌గంజ్‌లో. అమీర్‌పేట, పంజాగుట్టల్లో ప్రైవేటు దంతవైద్యశాలల బోర్డులు వరసగా కనిపిస్తాయి. పన్ను సలిపాకే మెట్లెక్కేవారికి అక్కడ రూట్ కెనాల్, తొడుగు తప్పవు, ఖర్చూ తప్పదు. గుంట చిన్నగా ఉన్నప్పుడే వస్తే ఒక పూడికతో పోతుంది. తెల్లమచ్చ దశలో ఫ్లోరైడు పూతతో, తీపి వేళలు తగ్గించడంతో పన్ను తనంతట తానే గట్టిపడుతుంది. డ్రిల్లు అక్కర్లేకుండా పుచ్చును అక్కడికక్కడ ఆపే సిల్వర్ డయమీన్ ఫ్లోరైడును ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో అత్యావశ్యక మందుల జాబితాలో చేర్చింది. పూసినచోట పన్ను నల్లబడుతుంది. కుర్చీలో కదలకుండా కూర్చోలేని చిన్నపిల్లల పాలపళ్ళకు ఆ నలుపు ఒప్పుకోదగ్గదే.