పాల బిందెల్లో దాచిన చరిత్ర

యుద్ధ చరిత్ర అనగానే మనకు సేనానుల పేర్లు, సైన్యాల కదలికలు గుర్తుకు వస్తాయి. ఆ యుద్ధం కింద నలిగిన మామూలు జనం ఏం తిన్నారో, ఏం అనుకున్నారో రాసిపెట్టేవారు అరుదు. రాసేవారు లేకపోతే చంపినవాడు చెప్పిందే చరిత్ర అవుతుంది. ఈ సంగతి ముందుగానే గ్రహించిన ఒక పోలండ్ చరిత్రకారుని గురించి ఈసారి నాలుగు మాటలు చెప్పుకుందాం.

ఆయన పేరు ఇమ్మాన్యుయెల్ రింగెల్‌బ్లూమ్. 1900లో జన్మించారు. వార్సా యూదుల పూర్వచరిత్ర మీద పరిశోధన చేసి డాక్టరేటు పొందారు. 1939 సెప్టెంబరులో జర్మనీ పోలండ్ మీద దండెత్తింది. 1940 నవంబరులో నాజీలు వార్సా యూదులను చుట్టూ గోడ కట్టిన ఘెట్టోలో బంధించారు. నాలుగు లక్షల మంది ఆకలితో, టైఫస్ జ్వరంతో అల్లాడారు.

రింగెల్‌బ్లూమ్ అక్కడే ఒక రహస్య బృందాన్ని కూర్చారు. ఉపాధ్యాయులు, రచయితలు, అన్ని పార్టీలవారు అందులో ఉన్నారు. డైరీలు, ఉత్తరాలు, బడిపిల్లల వ్యాసాలు, రేషను కార్డులు, ట్రాము టిక్కెట్లు, మిఠాయి చుట్టిన కాగితాలు, మన ఈ పత్రికలాగే సైక్లోస్టైల్ చేసిన రహస్య పత్రికలు, దేన్నీ వదలక పోగుచేశారు. తమవారి తప్పులనూ దాచలేదు. ఘెట్టోలోని యూదు పోలీసుల దుర్మార్గం కూడా రాశారు.

హెల్మ్నో మృత్యుశిబిరం నుంచి తప్పించుకు వచ్చిన ఒకాయన వాంగ్మూలం వారు నమోదు చేశారు. వారి నివేదికలు పోలిష్ రహస్యోద్యమం ద్వారా లండన్ చేరాయి. 1942 జూన్‌లో బి.బి.సి. రేడియో ఆ హత్యాకాండ సంగతి ప్రసారం చేసింది. తమ శ్రమ ఫలించిందని రింగెల్‌బ్లూమ్ సంతోషించారు. లోకం విన్నది గాని కదలలేదు. నెల తిరక్కుండానే, జులై 22న, వార్సా యూదులను ట్రెబ్లింకాకు తరలించడం మొదలైంది.

అప్పుడు వారు కాగితాలను పది రేకు పెట్టెల్లో పెట్టి ఒక బడి కింద పాతిపెట్టారు. 1943 ఫిబ్రవరిలో రెండు పాల బిందెల్లో మరికొన్ని పాతారు. తరువాత రింగెల్‌బ్లూమ్ భార్యాబిడ్డలతో ఒక పోలిష్ తోటమాలి నేలమాళిగలో తలదాచుకున్నారు. అక్కడా కలం వదలలేదు. పోలిష్ ప్రజల్లో యూదులను కాపాడినవారినీ, పట్టి ఇచ్చినవారినీ ఇద్దరినీ గురించి రాశారు. 1944 మార్చిలో నాజీలు వారిని కనిపెట్టి, తోటమాలితో సహా చంపేశారు.

సుమారు అరవైమందిలో ముగ్గురే మిగిలారు. వారి ఆనవాళ్ళతో 1946లో పెట్టెలు బయటపడ్డాయి. 1950లో పాల బిందెలు దొరికాయి. దాదాపు 35,000 పుటలు! 1999లో యునెస్కో వాటిని ప్రపంచ స్మృతి జాబితాలో చేర్చింది.

వారి కష్టంతో మన ప్రవాసాన్ని పోల్చరాదు. కాని వారి పద్ధతి మాత్రం మనమూ నేర్చుకోవచ్చు. మన పెద్దలు ఈ దేశం వచ్చినప్పటి ఉత్తరాలు, టిక్కెట్లు పెట్టె అడుగున ఉంటే పారేయవద్దు. వారిని అడిగి నాలుగు పుటలు రాసిపెడదాం. ఉన్నది ఉన్నట్టు రాద్దాం.